పట్టాభిషేకం పాట వెనక మూడు వేల ఏళ్ళు

'ద లార్డ్ ఆఫ్ ద రింగ్స్' మూడో సినిమా (2003) చూసినవాళ్ళకి చివర్లో వచ్చే పట్టాభిషేకం గుర్తుండే ఉంటుంది. గాండాల్ఫ్ అరగార్న్ తలమీద కిరీటం పెడతాడు, పూలరేకులు రాలుతుంటాయి, కొత్త రాజు జనం ముందు నిలబడి మనకి అర్థంకాని భాషలో ఏదో చిన్న పాట పాడతాడు. మూడు గంటల ఇరవై నిమిషాల సినిమాలో ఆ పాటకి ఒక్క నిమిషం కూడా దక్కలేదు. ఆ టైముకి సగం మంది లేచి దారి వెతుక్కుంటూ ఉంటారు కూడా :-) నన్నడిగితే ఆ కథలో ఉన్న చరిత్రంతా ఆ కాస్త పాటలోనే ఉంది.

1955లో అచ్చయిన మూడో సంపుటంలో అది పాట కాదు, ఉత్త మాటలే. అరగార్న్ కిరీటాన్ని చేత్తో ఎత్తి పట్టుకుని ఆ మాటలు పలుకుతాడు, ఆ తర్వాతే గాండాల్ఫ్ దాన్ని తలమీద పెడతాడు. సినిమా సంగీతం హొవార్డ్ షోర్‌ది. కానీ ఈ ఒక్క బాణీ మాత్రం అరగార్న్ వేషం వేసిన విగ్గో మోర్టెన్‌సెన్ స్వయంగా కట్టుకున్నదే. మరీ కొత్త పోకడేం కాదు లెండి. 1967లో డొనాల్డ్ స్వాన్ టోల్కీన్ పాటలకి స్వరాలు కట్టి పుస్తకం వేసినప్పుడు, ఇదే భాషలో ఉన్న ఒక పాటకి చర్చిల్లో పాడే పాత గ్రెగోరియన్ పద్ధతిలో బాణీ హమ్ చేసి చూపించింది టోల్కీనే.

ఆ భాష పేరు క్వెన్యా. ఆక్స్‌ఫర్డ్‌లో భాషల ప్రొఫెసరైన టోల్కీన్, ఫిన్నిష్ భాషమీద మోజుతో కుర్రతనంలోనే దీన్ని మొదలుపెట్టాడు. మనం ముందు ప్రాజెక్టు తెచ్చుకుని తర్వాత లాంగ్వేజి చూసుకుంటాం. ఆయన ముందు లాంగ్వేజి రాసుకుని, అది రన్ అవ్వడానికి ఒక ప్రపంచాన్ని కట్టాడు. ఆ ప్రపంచంలో గోండోర్ జనం ఇంట్లో మాట్లాడుకునేది క్వెన్యా కాదు. యూరపులో లాటిన్ లాగ, మన పెళ్ళిళ్ళలో సంస్కృతం లాగ, అది పెద్ద సందర్భాలకి దాచుకున్న భాష.

ఇంతకీ ఆ మాటలు ఎవరివి? అరగార్న్‌వి కావు, అతని పూర్వీకుడు ఎలెండిల్‌వి. న్యూమెనార్ అనే ద్వీపం సముద్రంలో మునిగిపోతే, తొమ్మిది ఓడలతో బతికి బయటపడ్డ మనిషి అతను. కథలోని లెక్కల ప్రకారం రెండో యుగం 3319లో ఒడ్డుకి చేరి అన్న మాటలివి. సముద్రం దాటి వచ్చాననీ, ఈ ప్రపంచం ఉన్నంతకాలం తనూ తన వారసులూ ఈ నేలమీదే ఉంటామనీ వాటి సారాంశం. అంటే ఇల్లూ ఊరూ పోగొట్టుకున్న శరణార్థి చేసిన ప్రమాణం!

మామూలుగా పట్టాభిషేకం పాట రాజుగారి కోసం వేరేవాళ్ళు పాడేది. హాండెల్ 1727లో రెండో జార్జి కోసం రాసిన 'జాడాక్ ద ప్రీస్ట్' చూడండి. 2023లో మూడో చార్లెస్ దాకా బ్రిటన్‌లో ప్రతి పట్టాభిషేకంలోనూ అదే పాడారు. పాడేది గాయకబృందం, రాజు వింటాడంతే. ఇక్కడ అలా కాదు. పాడేది రాజే, పైగా అందులో ఉన్నది పొగడ్త కాదు, పూచీ.

ఆ పూచీ మధ్యలో తెగిపోయింది కూడా. గోండోర్ ఆఖరి రాజు ఎయార్నుర్ మూడో యుగం 2050లో శత్రువు సవాలుకి రెచ్చిపోయి వెళ్ళి మళ్ళీ తిరిగి రాలేదు. వారసుడు లేడు. ఆ తర్వాత 969 ఏళ్ళు సింహాసనం ఖాళీగానే ఉంది. దాని కింద మామూలు కుర్చీలో కూర్చుని స్టీవార్డులు రాజ్యం నడిపారు. 3019లో అరగార్న్ కొత్త ప్రమాణం రాయించుకోవచ్చు, గెలిచినవాడు కదా. రాయించుకోలేదు. తెగిన చోట పాత మాటల్నే ముడేశాడు.

ఇక్కడే నాకో పేచీ ఉంది. తన సంగతి సరే, పుట్టని పిల్లల తరఫున మాటివ్వడానికి ఎలెండిల్ ఎవరు? అమెరికా పౌరసత్వం తీసుకునేవాడు కూడా ప్రమాణం తన ఒక్కడి తరఫునే చేస్తాడు. పరాయి ఊళ్ళో ఇల్లు కొనుక్కున్న మనలో చాలామంది "ఇక మేమిక్కడే" అనేస్తాం. కానీ మన పిల్లలు ఎక్కడుంటారో మనం రాసివ్వలేం. అలాగే "ఎప్పటికైనా వెనక్కి వెళ్ళాల్సిందే" అనీ వాళ్ళ నెత్తిన రుద్దలేం.

తాత ఇచ్చిన మాట మనవడిని కట్టిపడెయ్యదు. మనవడు తన నోటితో తను మళ్ళీ అంటేనే అది అతనిదవుతుంది. అరగార్న్ చేసింది సరిగ్గా అదే. కాబట్టే ఎలెండిల్ పేరు మీద ఉన్న ఆ ప్రమాణం నా దృష్టిలో అరగార్న్‌దే. మూడు వేల ఏళ్ళ నాటి మాటని కాదనే వీలుండి కూడా, అర్థం తెలిసి, నలుగురి ముందూ ఒప్పుకున్నవాడు అతనే కదా!