హాజీ కాసం ‘వీజళి’

చరిత్ర అనగానే మనవాళ్లకు నవాబులు, కోటలు, యుద్ధాలే గుర్తుకు వస్తాయి. ఒక రేవు పట్నం మరువలేని ఓడ సంగతి కూడా చరిత్రే గనుక, కచ్ సంస్థానపు మాండవిని గురించి నాలుగు మాటలు వ్రాస్తున్నాము.

ఓడ అసలు పేరు వైతరణ. విద్యుద్దీపాలు వెలుగుతుండేవి గనుక జనం ‘వీజళి’ అన్నారు. గుజరాతీలో మెరుపుకూ కరెంటుకూ అదే మాట. 1888 నవంబరు 8న మధ్యాహ్నం మాండవి విడిచి బొంబాయికి బయలుదేరింది. ద్వారకలో మరికొందరు ఎక్కారు. పెండ్లివారు ఉన్నారు, బొంబాయిలో మెట్రిక్ పరీక్ష వ్రాయబోయే కుర్రవాళ్లూ ఉన్నారు. (మాబోటి పంతుళ్లకు మనస్సు ఇక్కడే ఆగిపోతుంది. ఆ రోజుల్లో మెట్రిక్ దాకా వచ్చే పిల్లలు ఎందరని!) పోర్‌బందర్ చేరేసరికి వాతావరణం చెడింది. అక్కడ ఆగకుండానే ఓడ ముందుకు సాగింది. మాంగ్రోల్ తీరానికి సమీపాన తుఫానులో మునిగిందని అంచనా. పోయినవారు 746 మంది అని లెక్క. జనం నోట అది 1300 అయినది. స్టీమర్లు వెళ్లి వెదికినా ఓడ జాడ దొరకలేదు.

ప్రాణరక్షణ పడవలు చాలినన్ని లేవని విచారణలో తేలింది. ఓడ బొంబాయిలోని షెపర్డ్ కంపెనీది. అయినా జనానికి అది ‘హాజీ కాసం వీజళి’. కాసం ఇబ్రాహీం దాని కెప్టెన్ మాత్రమే. పోర్‌బందర్‌లో దొరగారు వద్దన్నా వినలేదని ఆయనపై ఒక కథ. తర్వాత పరిశోధించిన వారికి అందుకు ఆధారం దొరకలేదు. జానపదుల పాట కూడా ఆయన పేరునే పట్టుకున్నది. పడవలు పెట్టని కంపెనీని ఎరిగినవారు తక్కువ. ఇది న్యాయమని మేము అనలేము. బదులు చెప్పుకోవడానికి ఆ మనిషి తిరిగి రాలేదు గదా!

ఇక ఒడ్డున మిగిలిన ఆడవాళ్ల సంగతి. మయ్యత్ లేదు, ఖబరు లేదు. భర్త ఉన్నాడా పోయాడా తెలియని స్త్రీ ఎంతకాలం ఆగాలి? హనఫీ ఫిఖహ్ పాత గ్రంథాలలో, అతని ఈడువారంతా గతించేవరకు అన్నారు. మాలికీలు నాలుగేండ్లు అన్నారు. ఆ నాలుగేండ్ల గడువు మన దేశంలో చట్టంగా వచ్చినది 1939లో, ముస్లిం వివాహాల రద్దు చట్టం ద్వారా. అదీ బ్రిటిష్ ఇండియాలో. కచ్ అప్పటికి సంస్థానమే. ‘వీజళి’ పోయి అప్పటికి 51 సంవత్సరాలు. నాడు మాండవిలో కొత్త కోడళ్లుగా ఉన్నవారు, బ్రతికి ఉంటే, డెబ్బయ్యో పడిలో ఉన్నారన్నమాట.