సామాన్యులకు సైన్సు చెప్పిన హాల్డేన్

ప్రపంచ విజ్ఞానశాస్త్ర చరిత్రలో మన ఊళ్ల పేర్లు కనిపించడం అరుదు. కాకినాడ పేరు మాత్రం ఒక గొప్ప జన్యుశాస్త్రవేత్త జీవితకథలో చివరి పుటలో వస్తుంది. 1964 డిసెంబరు 1న భువనేశ్వరంలో కన్నుమూసిన జె.బి.ఎస్. హాల్డేన్ పార్థివదేహాన్ని ఆయన వీలునామా ప్రకారం కాకినాడ రంగరాయ వైద్య కళాశాలకు అప్పగించారు. ఇంగ్లండులో పుట్టి, కేంబ్రిడ్జిలోను లండనులోను పనిచేసి ప్రపంచ ఖ్యాతి పొందిన మనిషి మన తీరానికి ఎలా చేరాడన్నది మన పెన్షనరు మిత్రులలో కొద్దిమందికే తెలిసి ఉంటుంది. ప్రత్యేక సంచికకు ఏదైనా రాయమని కార్యదర్శి గారు కోరినప్పుడు అందుకే ఈ విషయం ఎంచుకున్నాను.

హాల్డేన్ 1892 నవంబరు 5న ఆక్స్‌ఫర్డులో జన్మించారు. తండ్రి జాన్ స్కాట్ హాల్డేన్ శరీరధర్మ శాస్త్రజ్ఞుడు. బొగ్గుగనుల్లోని విషవాయువులు మనిషిని ఎలా చంపుతాయో తెలుసుకోవడానికి వాటిని తానే పీల్చి చూసిన ఘనుడు. గని కార్మికులు పంజరంలో చిన్న పిట్టను వెంట తీసుకువెళ్లే పద్ధతి ఆయన చెప్పిందే. పిట్ట సొమ్మసిల్లితే మనుషులు బయటికి పరుగెత్తాలన్న మాట. ఈయన కొడుకును కూడా గనిలోకి దింపేవారు. ఒకసారి వాయువు పేరుకున్న చోట పిల్లవాణ్ణి నిలబెట్టి, షేక్స్‌పియర్ 'జూలియస్ సీజర్' నాటకంలోని ఆంటోనీ ప్రసంగం అప్పజెప్పమన్నారు. కొన్ని పంక్తులు చెప్పేసరికి ఆయాసం వచ్చి, కాళ్లు తేలిపోయి కుర్రవాడు కింద కూలబడ్డాడు. నేల దగ్గర గాలి బాగానే ఉంది. మీథేను గాలికంటే తేలిక గనుక పైకి చేరుతుందన్న పాఠం వాడికి జన్మలో మరిచిపోయే పని లేకుండా అయింది. ఈ రోజుల్లో ఏ తండ్రి అయినా ఇలా చేస్తే పోలీసు కేసు అవుతుందనుకోండి.

ఆశ్చర్యమేమంటే హాల్డేన్‌కు సైన్సులో డిగ్రీ లేదు. ఆక్స్‌ఫర్డులో ఆయన చదివింది గణితం, ఆ పైన గ్రీకు, లాటిన్ సాహిత్యాలు. చెల్లెలు నయోమీతోను, ఒక మిత్రుడితోను కలిసి ఎలుకల మీద చేసిన జన్యు పరిశోధన 1915లో అచ్చయ్యేనాటికి ఆయన మొదటి ప్రపంచ యుద్ధంలో ఉన్నారు. ఆ మిత్రుడు యుద్ధంలోనే మరణించాడు. హాల్డేన్ మాత్రం ఫ్రాన్సులోను మెసపొటేమియాలోను పోరాడి, గాయపడి, కోలుకోవడానికి మన దేశం వచ్చారు. భారతదేశంతో తొలి పరిచయం అది.

1923లో కేంబ్రిడ్జిలో జీవరసాయన శాస్త్రంలో ఉద్యోగం. మరుసటి ఏటి నుంచి ప్రకృతి వరణాన్ని గణితంలో పెట్టే వ్యాసాల పరంపర మొదలుపెట్టారు. డార్విన్ చెప్పింది నిజమే కావచ్చు గాని ఎంత వేగంగా జరుగుతుంది అన్నది అప్పటి ప్రశ్న. మాంచెస్టరు ప్రాంతంలో మచ్చల చిమ్మటలో నల్లరకం 1848లో మొదట కనిపించింది. ఫ్యాక్టరీ పొగకు చెట్లు నల్లబడగా ఆ శతాబ్దం ముగిసేసరికి అక్కడ దాదాపు అన్నీ నల్లవే. అంత త్వరగా మారాలంటే నల్లవాటికి తెల్లవాటికంటే సుమారు 50 శాతం ఎక్కువ సంతానం మిగలాలని హాల్డేన్ లెక్కకట్టారు. అంత పెద్ద అంకెను అప్పట్లో చాలామంది నమ్మలేదు. 1950లలో అడవిలో చేసిన పరిశీలనలు ఆయన లెక్కనే బలపరిచాయి. 1949లో మరో ఊహ చేశారు. కొన్ని రక్తదోషాల జన్యువు ఒక్క పాలు ఉన్నవారికి మలేరియా నుంచి రక్షణ ఉంటుందని, అందుకే మలేరియా ప్రాంతాల్లో ఆ దోషాలు నిలిచిపోయాయని. సికిల్‌సెల్ విషయంలో ఇది 1954లో రుజువైంది. మన ఏజెన్సీ ప్రాంతాల్లో పనిచేసిన వైద్యశాఖ మిత్రులకు ఆ జబ్బు సంగతి బాగా తెలుసు.

ఈ లెక్కల మనిషే వార్తాపత్రికలకు రాయడానికి కూర్చుంటే కలం తీరు మారిపోయేది. పాఠకుడికి తెలిసిన వస్తువుతో మొదలుపెట్టాలి, అక్కడినుంచి తెలియనిదాని వైపు నడిపించాలి అన్నది ఆయన పద్ధతి. జంతువుల పరిమాణం గురించి 1926లో రాసిన వ్యాసం ఇప్పటికీ చదువుతారు. అందులో సారాంశం ఇది: పొడవు 10 రెట్లయితే ఒంటి పైభాగం 100 రెట్లు, బరువు 1000 రెట్లు అవుతుంది. కాబట్టి చిన్న ఎలుక లోతైన గనిలో పడ్డా దులుపుకుని పోతుంది, గుర్రం పడితే మిగలదు. మన కథల్లో రాక్షసుడు మనిషికి పదింతలు ఉంటే వాడు మొదటి అడుగుకే తొడ ఎముక విరగ్గొట్టుకోవాలి! కార్మికులు చదివే డైలీ వర్కర్ పత్రికలో 1937 నుంచి 300కు పైగా వ్యాసాలు రాశారు. 1939లో థెటిస్ అనే జలాంతర్గామి మునిగి 99 మంది చనిపోతే, ఊపిరాడని గదిలో తానే కూర్చుని కారణాలు పరిశోధించారు.

అయితే ఇక్కడ ఒక మచ్చ చెప్పకుండా దాటిపోవడం న్యాయం కాదు. హాల్డేన్ కమ్యూనిస్టు. రష్యాలో లైసెంకో అనేవాడు జన్యుశాస్త్రమే బూటకమని ప్రచారం చేసి 1948లో దాన్ని అధికారికంగా అణచివేయించాడు. 1928లో హాల్డేన్‌ను రష్యాకు ఆహ్వానించిన మహాశాస్త్రవేత్త వావిలోవ్ 1943లో జైల్లోనే చనిపోయాడు. అయినా లైసెంకోను గట్టిగా ఖండించడానికి హాల్డేన్‌కు నోరు రాలేదు. రేడియోలో సైతం గోడమీద పిల్లిలాగే మాట్లాడారు. 1950 ప్రాంతంలో పార్టీకి నిశ్శబ్దంగా దూరమయ్యారు. చిమ్మటల సంగతి అంత నిక్కచ్చిగా చెప్పినవాడు ఈ సంగతి నసిగాడు. ఆయన మాట నమ్మిన కార్మిక పాఠకులకు అది బాకీగానే మిగిలిందని నా అభిప్రాయం.

1956లో సూయజ్ కాలువపై బ్రిటను దాడికి నిరసన తెలుపుతూ, మహలనోబిస్ గారి ఆహ్వానంపై 1957లో భార్య హెలెన్ స్పర్వేతో కలకత్తా ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూటుకు వచ్చేశారు. 60 ఏళ్లు మేజోళ్లు తొడిగింది చాలని హాస్యమాడేవారట. లాల్చీ వేసుకుని శాకాహారి అయ్యారు. 1961లో భారత పౌరుడయ్యారు. విలువైన యంత్రాలు లేకపోతే పరిశోధన జరగదని కూర్చోవద్దని ఇక్కడి కుర్రవాళ్లకు చెప్పేవారు. ఒకరిచేత వానపాముల మట్టికుప్పలు లెక్కపెట్టించారు. మరొకరు కొబ్బరిచెట్ల ఆకులు ఎడమకు తిరుగుతున్నాయా కుడికా అని చెట్టు చెట్టూ చూసి, ఏ రకం ఎక్కువ కాయలు కాస్తుందో లెక్కతీశారు.

ఆ శిష్యుల్లో ఒకరు మన పిఠాపురంలో 1937లో పుట్టిన ద్రోణంరాజు కృష్ణారావు గారు. లాంటానా పూల రంగుల్లో ఏది ఏ సీతాకోకచిలుకకు ఇష్టమో గమనించారు. చెవులపై వెంట్రుకలు తండ్రి నుంచి కొడుక్కి మాత్రమే వస్తాయా అని ఆంధ్ర కుటుంబాల్లో పరిశీలించారు. తరువాతి పరిశోధనలు దీన్ని కాదన్నాయనుకోండి. అన్నిటికంటే మనకు దగ్గరగా తగిలేది ఆంధ్రలో మేనరికాల మీద ఆయన చేసిన పరిశోధన. మేనబావ, మేనమరదళ్ల బిడ్డకు ఏదైనా ఒక జన్యుస్థానంలో రెండు పాళ్లూ ఒకే పూర్వీకుడి నుంచి వచ్చే అవకాశం 16లో 1. మేనమామ, మేనకోడలు పెళ్లిలో అది 8లో 1. ఆస్తి బయటికి పోదని, పిల్ల కళ్లెదుట ఉంటుందని మన ఇళ్లలో ఈ సంబంధాలు ఎన్ని ఖాయం చేశామో లెక్కేసుకుంటే, ఈ భిన్నాల బరువు అర్థమవుతుంది. పెద్దలు చూసేది జాతకమే గాని ఈ 8లో 1 కాదు. తరతరాలుగా ఇలా చేసుకున్న సమాజంలో దోషాలు పేరుకుంటాయా, క్రమంగా వడపోతకు గురవుతాయా అన్న ప్రశ్న హాల్డేన్‌ను బాగా ఆకర్షించింది.

కలకత్తాలో పొసగక 1961లో రాజీనామా చేశారు. కొన్నాళ్లు సి.ఎస్.ఐ.ఆర్.లో ఉన్నారు. ఆ పొడి అక్షరాలకు 'స్వతంత్ర పరిశోధనను అణచే మండలి' అని ఆయన చెప్పిన అర్థం ఫైళ్లతో కాలం గడిపిన మనకు నవ్వు తెప్పిస్తుంది. 1962లో ఒరిస్సా ప్రభుత్వ సాయంతో భువనేశ్వరంలో సొంత ప్రయోగశాల పెట్టారు. అది కుదురుకునేలోపే పెద్దపేగు క్యాన్సర్ బయటపడింది. లండనులో ఆపరేషన్ చేయించుకుని, ఆస్పత్రి నుంచే ఆ జబ్బు మీద హాస్యకవిత రాసి 1964లో పత్రికలో అచ్చువేయించారు. రోగలక్షణం కనిపిస్తే సిగ్గుపడక డాక్టరు దగ్గరికి పొమ్మని చెప్పడమే దాని ఉద్దేశం. అది ఆయన చివరి సైన్సు వ్యాసమే అనవచ్చు.

వీలునామాలో తన దేహాన్ని పరిశోధనకో బోధనకో వాడమని రాశారు. బతికి ఉండగా ఆ రెండు పనులకూ వాడినదే గనుక చనిపోయాక తనకు దానితో అవసరం లేదన్నారు. వీలైతే దేహాన్ని చల్లగా ఉంచాలని, ఆ ఖర్చు తన ఆస్తి మీద మొదటి పద్దుగా పడాలని కూడా రాశారు. ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షనులో ఏళ్ల తరబడి ఫైళ్లు చూసిన నాకు ఇంత ముందుచూపుతో రాసిన కాగితం తగల్లేదు. హెలెన్ గారు తరువాత హైదరాబాదులో ఉండి 1978లో అక్కడే మరణించారు. ద్రోణంరాజు గారు అమెరికా వెళ్లి స్థిరపడి, గురువు గారి జీవితాన్ని 'పాపులరైజింగ్ సైన్స్' పేరుతో పుస్తకంగా 2017లో వెలువరించి, 2020లో కన్నుమూశారు.