కింగ్ సీమ్: ఒక పేరు పూర్వకథ

కాజీపేట నుండి బల్లార్షాకు పోవు రైలుమార్గమున మంచిర్యాల దాటిన పిదప రవీంద్రఖని అను చిన్న స్టేషను వచ్చును. రామకృష్ణాపూర్ బొగ్గుగనుల ఊరు దాని సమీపముననే యున్నది. ఇంకను ఉత్తరమునకు పోయినచో మందమర్రిలో కల్యాణిఖని, బెల్లంపల్లిలో శాంతిఖని. వెనుకకు మరలి గోదావరి దాటినచో గోదావరిఖని. ఈ పేర్లు వినుటకు ఎంత ఇంపుగా నున్నవో శ్రోతలు గమనింపుడు. చీకటి గుహలకు కల్యాణమనియు, శాంతియనియు పేర్లు పెట్టుకొన్నవారి మనస్సులోని కోరిక ఆ పేర్లలోనే తెలియుచున్నది.

అయితే ఈ తెలుగు పేర్లన్నిటికంటె పాతదగు ఒక పేరు దక్షిణమున ఇల్లెందు, కొత్తగూడెము ప్రాంతములందు వినవచ్చును. అది “కింగ్ సీమ్”. సీమ్ అనగా బొగ్గు పొర. దీనికి జోడుగా “క్వీన్ సీమ్” అను మరియొక పొరయు కలదు. రాజు పొర, రాణి పొర అని విన్నవారు, ఏ రాజుగారి కాలముననో ఈ పేర్లు పెట్టి యుందురని తలతురు. నైజాము ప్రభువు పేరనో, ఆంగ్లచక్రవర్తి పేరనో ఏర్పడినదని ఊహించువారును కలరు. బాయిలో ముప్పది సంవత్సరములు తట్ట, చెమ్మస్ పట్టిన పెద్దలలో సైతము కొందరు ఇట్లే చెప్పగా మేము వింటిమి.

నిజమునకు ఈ పేరులో రాజు లేడు, రాజ్యము లేదు. కింగ్ అనునది ఒక మనుష్యుని ఇంటిపేరు. ఆతని పూర్తి పేరు విలియం కింగ్. భారత భూగర్భ పరిశోధనశాఖలో ఉద్యోగి. 1871–72 ప్రాంతమున ఇల్లెందు సమీపమున బొగ్గు కలదని శాస్త్రీయముగా నిర్ధారించినవాడు. సింగరేణి పరిశ్రమకు ఆతడు పెట్టుబడిదారుడు కాడు, యజమాని కాడు; అయినను ఆ పరిశ్రమ పుట్టుకకు మూలపురుషులను లెక్కింపవలసివచ్చినపుడు మొదట ఆతని పేరే చెప్పవలెను. కావున నేడు ఆ పేరు ఎచటనుండి వచ్చినదో, ఎచటికి పోయినదో కొంత తెలిసికొందము.

మొదట విలియం అను పేరు. ఇది పూర్వపు జర్మానిక్ భాషలలోని పేరు. దానిలో రెండు మాటలు కలవు. “విల్” అనగా సంకల్పము. “హెల్మ్” అనగా శిరస్త్రాణము. ఉత్తరమున నార్వే, ఐస్లాండు దేశములవారి నోట ఇది విల్హియాల్మర్ అయినది. జర్మనీలో విల్హెల్మ్ అయినది. 1066లో నార్మండీ ప్రభువగు విలియం ఇంగ్లండును జయించిన పిమ్మట ఆ దేశమున ఇంటింట విలియములు వెలసిరి. ఐర్లండులో అదే పేరు కుదించుకొని లియం అయినది. యుద్ధప్రియులగు జాతులు తమ బిడ్డలకు కవచములతోడను, ఆయుధములతోడను కూడిన పేర్లు పెట్టుకొనుట వింత కాదు. మన దేశమున మహేంద్రవర్మ, విష్ణువర్మ అను పేర్లలోని “వర్మ” యనగా కవచమే గదా!

మన యిండ్లలో తాత పేరు మనుమనికి పెట్టుట ఆచారము. కొడుకునకు తండ్రి పేరే పెట్టుట అరుదు. ఆంగ్లేయులలో అట్టి నియమము లేదు. విలియం కింగునకు ఆ పేరు తన తండ్రి నుండియే వచ్చినది. ఆ తండ్రియు విలియం కింగే; ఆతడును భూగర్భ శాస్త్రజ్ఞుడే. అందువలన గ్రంథములు చదువువారు తండ్రిని కొడుకుగను, కొడుకును తండ్రిగను పొరబడుటకు అవకాశమున్నది.

తండ్రియగు విలియం కింగ్ 1809లో ఇంగ్లండునందలి సండర్లాండు ప్రాంతమున జన్మించి, 1849 నుండి ఐర్లండులోని గాల్వే పట్టణమున క్వీన్స్ కళాశాలలో ఆచార్యుడుగా నుండెను. పెర్మియన్ అను ప్రాచీనయుగపు శిలాజములను గూర్చి 1850లో ఆతడు ప్రకటించిన గ్రంథము పండితుల మన్నన పొందినది. కాని ఆతని కీర్తికి ముఖ్యకారణము వేరొకటి. 1856లో జర్మనీ దేశమున నియాండర్ అను లోయలో కొన్ని ఎముకలు దొరికినవి. అవి రోగగ్రస్తుడైన మనుష్యునివని కొందరును, ఆటవికునివని కొందరును వాదించిరి. 1863లో న్యూకాజిల్ నగరమున జరిగిన శాస్త్రజ్ఞుల మహాసభలో కింగ్ ఆచార్యుడు లేచి, ఇవి మనవంటి మానవుని ఎముకలు కావనియు, అంతరించిపోయిన వేరొక మానవజాతివనియు చెప్పి, ఆ జాతికి “హోమో నియాండర్తాలెన్సిస్” అని నామకరణము చేసెను. మన జాతికంటె వేరగు ఒక ప్రాచీన మానవజాతికి శాస్త్రీయమగు పేరు పెట్టుట అదియే మొదటిసారి.

ఇందులోనే మరియొక విశేషము కలదు. ఆ లోయకు నియాండర్ అను పేరు 17వ శతాబ్దిలో కీర్తనలు రచించిన యోఆకిం నియాండర్ అను క్రైస్తవ బోధకుని వలన వచ్చినది. ఆతని పూర్వుల ఇంటిపేరు నోయ్‌మన్. దానినే వారు గ్రీకు భాషలోనికి మార్చుకొని నియాండర్ అనిరి. రెంటికిని అర్థము “కొత్త మనిషి”. లోకములోని అతిప్రాచీన మానవులలో ఒకనికి కొత్త మనిషి అను పేరు దక్కినది! పేర్లు మనము పెట్టిన చోటనే నిలిచియుండవు, అవి నడచుచుండును.

తండ్రి అచట పేరు పెట్టిన ఆ 1863వ సంవత్సరముననే కొడుకు మన దక్షిణదేశమున తిరుగుచుండెను. ఆ మే నెలలో రాబర్ట్ బ్రూస్ ఫూట్ అను సహోద్యోగి మదరాసు దగ్గర పల్లావరమున ఆదిమానవుని రాతి పనిముట్టును గుర్తించెను. అదే సంవత్సరము సెప్టెంబరులో ఫూటును, కింగును కలసి అత్తిరంపాక్కమున అట్టి పనిముట్లను మరికొన్నిటిని కనుగొనిరి. భారతదేశపు పూర్వచరిత్ర పరిశోధనకు అవి తొలి అడుగులు. ఒకే పేరు గల తండ్రి కొడుకులు, ఒకే సంవత్సరమున, రెండు ఖండములలో, ఆదిమానవుని జాడలనే వెదకుచుండిరన్నమాట.

తరువాత కింగ్ తెలుగుదేశపు శిలలపై పనిచేసెను. ఆనాటి భూగర్భ పరిశోధకులు శీతకాలమున గుడారములతో అడవులు, కొండలు తిరిగి, వానకాలమున కచేరికి చేరి తాము చూచినది వ్రాసెడివారు. కడప, కర్నూలు శిలాశ్రేణులను గూర్చి కింగ్ వ్రాసిన బృహద్గ్రంథము 1872లో వెలువడినది. ప్రాణహిత–గోదావరీ లోయను గూర్చినది 1881లో వెలువడినది. మా రామకృష్ణాపూర్ ఆ లోయలోనిదే. ఈ గ్రంథములలో ఆతడు శిలాసముదాయములకు పెట్టిన పేర్లు చూచిన యెడల తెలుగువానికి ఆశ్చర్యమును, సంతోషమును కలుగును. కడప శ్రేణిని విభాగించి పాపఘ్ని, చెయ్యేరు, నల్లమల, కృష్ణ అని పేర్లు పెట్టెను. ఓరుగల్లు మండలమందలి పాకాల చెరువు పేర మరియొక శ్రేణికి పాకాల శ్రేణి యనెను. ఇంగ్లండులోని ఊళ్ల పేర్లుగాని, ప్రభువుల పేర్లుగాని తెచ్చి మన శిలలకు తగిలింపలేదు. ఎచటి రాతికి అచటి ఏటి పేరు, కొండ పేరు, చెరువు పేరు పెట్టుట ఆ శాస్త్రము వారి పద్ధతి. ఆ పద్ధతి వలన మన పాపఘ్ని, చెయ్యేరు లోకమందలి శాస్త్రగ్రంథములకు ఎక్కినవి.

ఇక ఇల్లెందు సంగతి. భద్రాచలమునకు పోవు యాత్రికులు దారిలో వంటకై పొయ్యి పెట్టగా పొయ్యిరాళ్లే అంటుకొని మండినవనియు, ఆ వార్త అధికారులకు చేరిన పిమ్మట పరిశోధన జరిగెననియు ఒక కథ ఈ ప్రాంతమున చెప్పుకొందురు. కథ కథగనే యుండనిండు. కాని నల్లరాయి మండునని ఆ నేలపై నివసించినవారికి ముందుగా తెలిసియుండుట అసంభవము కాదు. రాయి మండుట చూచుట ఒక విషయము. ఆ రాయి ఎంత లోతున, ఎంత మందమున, ఏ దిక్కునకు వాలి, ఎంత దూరము వ్యాపించియున్నదో లెక్కగట్టుట మరియొక విషయము. కింగ్ చేసినది ఈ రెండవ పని. మరియు ఇచటి బొగ్గు పెర్మియన్ యుగమునకు చెందినది. తండ్రి ఇంగ్లండులో ఏ యుగపు శిలాజములకు జీవితమును ధారపోసెనో, ఆ యుగపు బొగ్గే గోదావరి ఒడ్డున కొడుకు చేతికి చిక్కినది.

ఆ పిదప కథ వ్యాపారులది. 1886లో ఇంగ్లండున స్థాపింపబడిన హైదరాబాద్ దక్కన్ కంపెనీ గనుల హక్కులను నైజాము ప్రభుత్వమునుండి పొందినది. ఆ హక్కుల అమ్మకములో జరిగిన వ్యవహారములపై 1888లో బ్రిటిషు పార్లమెంటు సంఘము విచారణ జరుపవలసివచ్చినది. 1889 నాటికి ఇల్లెందున బొగ్గు త్రవ్వకము సాగినది. 1920 డిసెంబరు 23న సింగరేణి కాలరీస్ కంపెనీ ఏర్పడినది. సింగరేణి యనునది ఇల్లెందు చేరువనున్న ఒక చిన్న గ్రామము. ఆ పల్లె పేరు గోదావరి దాటి, మందమర్రి, రామకృష్ణాపూర్, బెల్లంపల్లి వరకు వచ్చి, వేలకొలది కుటుంబములకు అన్నము పెట్టు పేరైనది. 1945లో నైజాము ప్రభుత్వము కంపెనీ వాటాలలో అధికభాగము కొనినది. ఇపుడు కంపెనీలో 51 వంతులు తెలంగాణ ప్రభుత్వమునకును, 49 వంతులు కేంద్ర ప్రభుత్వమునకును చెందియున్నవి.

కింగ్ 1887 నుండి 1894 వరకు భారత భూగర్భ పరిశోధనశాఖకు అధిపతిగా నుండెను. ఆతడు శిలలకు మన నదుల పేర్లు పెట్టెను. ఇచటివారు తమ ముఖ్యమైన బొగ్గు పొరకు ఆతని పేరు పెట్టిరి. ఇది ఒక విధమగు బాకీ తీర్చుకొనుట. అయితే బాకీ పూర్తిగా తీరలేదని మాకు తోచుచున్నది. పేరు మిగిలినది, మనిషి మరుగుపడినాడు. కింగ్ అనగా రాజని అందరు అనుకొన్నంత కాలము ఆ పేరు ఎవనిని స్మరించుటకు ఏర్పడినదో వాని స్మరణ లేనట్లే.

ఇంతకంటె పెద్ద బాకీ వేరొకటి కలదు. కింగ్ పేరైనను ఒక పొరకు నిలిచినది. ఆతనికి అడవిలో దారి చూపినవారి పేరేమి? గుడారములు మోసినవారి పేరేమి? తొలి బాయిలో దిగి, నూనెదీపపు వెలుగున కింగ్ సీమ్‌ను మొదట తాకిన కూలి పేరేమి? వారి పేర ఏ పొరయు లేదు. మా గోదావరిఖని వైపున పొరలకు అంకెలే పేర్లు: ఒకటవ పొర, మూడవ పొర, నాలుగవ పొర. ఆ అంకెల వెనుక నిలిచిన మనుష్యులు మన తాతలు.

ఈనాడు సింగరేణి బొగ్గులో అధికభాగము ఉపరితల గనులనుండి వచ్చుచున్నది. భూగర్భపు బాయిలు ఒకటొకటిగా మూతపడుచున్నవి. బాయి మూతపడినపుడు యంత్రములను పైకి తెత్తురు. దాని మాటలను ఎవరు పైకి తెత్తురు? ఏ ఇంక్లైనుకు ఆ పేరు ఎందుకు వచ్చినది, ఏ మలుపును కార్మికులు ఏమని పిలిచిరి, కప్పు కూలి ఎవరు పోయిన చోటును ఎవరి పేర తలచుకొనిరి అను సంగతులు కచేరి కాగితములలో ఉండవు. అవి క్వార్టర్ల అరుగులపై కూర్చుండు పెద్దల నోట నున్నవి. వారితో పాటు అవియు పోవును.

కావున మా విన్నపము చిన్నది. ఈ ప్రసంగము విన్న ఇండ్లలో బాయి దిగిన తాతలుగాని, తండ్రులుగాని ఉన్న యెడల, నేటి రాత్రి భోజనమైన పిమ్మట వారిని అడుగుడు: “తాతా, మీ బాయి పేరేమి? నీతో దిగినవారి పేర్లేమి?” అని. వారు చెప్పినది ఒక నోటు పుస్తకమున వ్రాసి, తారీఖు వేసి దాచుడు.

విలియం అను పేరులో సంకల్పము, శిరస్త్రాణము అను రెండు మాటలు కలవని పైన చెప్పితిమి. పేరు పెట్టిన ప్రాచీనులు యుద్ధమును తలచిరి. కాని షిఫ్టు వేళకు, తలపై గట్టి టోపీ, దానిపై దీపము పెట్టుకొని చీకటిలోనికి నడచు కార్మికుని చూచినపుడు, ఆ రెండు మాటలును ఆతనికే ఎక్కువ తగియున్నవని మాకు తోచును.