జిమ్ థోర్ప్ గెలుపు ఒప్పుకోడానికి 110 ఏళ్లు పట్టింది



బిర్సా ముండా, కొమురం భీం గురించి మనం ఎన్నోసార్లు మాట్లాడుకున్నాం. ఈసారి సముద్రం అవతలి ఒక ఆదివాసీ గురించి రాస్తున్నాం. అమెరికాలో అందరికంటే పెద్ద ఫుట్‌బాల్ లీగ్ ఎన్ఎఫ్ఎల్. 1920లో అది వేరే పేరుతో మొదలైనప్పుడు దాని మొట్టమొదటి అధ్యక్షుడు ఒక ఆదివాసీ. పేరు జిమ్ థోర్ప్. వాళ్ల ఫుట్‌బాల్ మనం ఆడేది కాదు. కోలగా ఉండే బంతిని చేత్తో పట్టుకుని పరుగెత్తాలి, ఎదుటోళ్లు మీద పడి కింద పడేస్తారు.

జిమ్ సాక్ అండ్ ఫాక్స్ తెగవాడు. 1887లో ఇప్పటి ఓక్లహోమా ప్రాంతంలో పుట్టాడు. తెగ పెట్టిన పేరు వా-థో-హక్, అంటే వెలుగు దారి అని చెప్తారు. కవల సోదరుడు చార్లీ చిన్నప్పుడే జబ్బు చేసి చనిపోయాడు. ఆ తర్వాత జిమ్ స్కూల్లో నిలవలేదు, మళ్లీ మళ్లీ ఇంటికి పారిపోయేవాడు.

1904లో అతన్ని పెన్సిల్వేనియాలోని కార్లైల్ ఇండియన్ స్కూలుకి పంపారు. దాన్ని 1879లో రిచర్డ్ ప్రాట్ అనే సైనికాధికారి పెట్టాడు. పిల్లల్లో ఆదివాసీతనాన్ని చంపేస్తేనే మనిషిని బతికించగలం అనేది ఆయన సిద్ధాంతం. రాగానే జుట్టు కత్తిరించేవాళ్లు, పేర్లు మార్చేవాళ్లు, సొంత భాష మాట్లాడితే శిక్షించేవాళ్లు. ఇంటికి తిరిగి రాకుండా అక్కడి శ్మశానంలోనే మిగిలిపోయిన పిల్లలు ఎందరో.

హాస్టల్లో చదివేవాళ్లం కాబట్టి ఈ ముక్క దగ్గర మేము చాలాసేపు ఆగాం. మన హాస్టల్ కార్లైల్ కాదు. మమ్మల్ని అమ్మానాన్నలే ఆశపడి పంపారు. మా ఇళ్లల్లో కాలేజీ మెట్లెక్కింది మేమే మొదలు. కానీ సెలవులకి వెళ్లినప్పుడు అవ్వ మన భాషలో అడిగితే తెలుగులో జవాబు చెప్తున్నాం. ఎవరూ కొట్టకుండానే భాష పోతోంది. ఇది మనం మాట్లాడుకోవాల్సిన సంగతి.

జిమ్ ఆటలో పైకొచ్చింది ఆ స్కూల్లోనే. 1911లో కార్లైల్ జట్టు హార్వర్డ్‌ని 18-15తో ఓడించింది. 1912లో సైనిక అకాడమీ జట్టుని 27-6తో ఓడించింది. ఎవరి సైన్యంతో తాతలు యుద్ధం చేశారో, వాళ్ల జట్టుని మనవలు మైదానంలో గెలిచారన్నమాట. తర్వాత అమెరికా అధ్యక్షుడైన ఐసెన్‌హోవర్ ఆ రోజు ఎదుటి జట్టులో ఆడాడు.

అదే ఏడాది స్టాక్‌హోమ్ ఒలింపిక్స్‌లో పెంటాథ్లాన్, డెకాథ్లాన్ రెండింటిలోనూ జిమ్‌కి బంగారు పతకాలు వచ్చాయి. 1913లో రెండూ లాక్కున్నారు. కారణం? 1909, 1910 వేసవుల్లో నార్త్ కరోలినాలో కొద్దిపాటి డబ్బుకి బేస్‌బాల్ ఆడాడట. డబ్బు తీసుకున్నవాళ్లు ఒలింపిక్స్‌లో ఆడకూడదని అప్పటి రూలు. అలా ఆడిన కాలేజీ కుర్రాళ్లు చాలామందే ఉన్నారు, కాకపోతే వాళ్లు దొంగ పేర్లు పెట్టుకున్నారు. జిమ్ సొంత పేరుతో ఆడి దొరికిపోయాడు.

తర్వాత బేస్‌బాల్ ఆడాడు. 1915 నుంచి ఒహైయోలోని కాంటన్ బుల్‌డాగ్స్ జట్టులో మ్యాచ్‌కి 250 డాలర్లకి ఫుట్‌బాల్ ఆడాడు. 1922, 1923లో ఊరాంగ్ ఇండియన్స్ అనే జట్టుని నడిపాడు. అందులో అందరూ ఆదివాసులే. జట్టు యజమాని కుక్కల వ్యాపారి. విరామంలో ఆటగాళ్లతో ఆ కుక్కల ప్రదర్శన, తెగ నృత్యాలు చేయించేవాడు. ఆట చూడ్డానికి వచ్చినోళ్లకి ఆదివాసీని వింతగా చూపించి అమ్ముకోవడమే అది. మీటింగుల్లో మనతో డ్యాన్స్ చేయించి, మాట్లాడ్డానికి మైకు ఇవ్వనప్పుడు మనకీ ఇలాగే అనిపిస్తుంది కదా.

1928లో ఆట ఆపేశాక బతుకు కష్టమైంది. సినిమాల్లో చిన్న వేషాలు వేశాడు, కూలీ పని చేశాడు. 1950లో అమెరికా విలేకరులు ఆ అర్ధ శతాబ్దపు అత్యుత్తమ క్రీడాకారుడు ఇతనే అని ఎన్నుకున్నారు. 1953లో కాలిఫోర్నియాలో చనిపోయేనాటికి చేతిలో డబ్బు లేదు. శవాన్ని కూడా తెగ నేలలో పెట్టనివ్వలేదు. మూడో భార్య పెన్సిల్వేనియాలోని ఒక చిన్న ఊరితో ఒప్పందం చేసుకుంది. ఆ ఊరు తన పేరే జిమ్ థోర్ప్ అని మార్చుకుని అతన్ని అక్కడ పెట్టుకుంది. కొడుకులు కోర్టుకెళ్లినా గెలవలేదు.

మరి పతకాలు? ఒక పరిశోధక జంట, రాబర్ట్ వీలర్, ఫ్లోరెన్స్ రిడ్లాన్, 1912 నాటి ఒలింపిక్స్ రూల్ పుస్తకం వెతికి పట్టుకున్నారు. అభ్యంతరం ఏదున్నా పోటీలయ్యాక 30 రోజుల్లోపే చెప్పాలని అందులో ఉంది. జిమ్ మీద వార్త వచ్చింది ఆరు నెలల తర్వాత! అంటే రూలు పేరు చెప్పి రూలునే తప్పారు. దాంతో 1982లో ఒలింపిక్ కమిటీ దిగొచ్చింది, 1983లో నకలు పతకాలు కుటుంబానికి ఇచ్చింది. కానీ అతన్ని ఉమ్మడి విజేత అనే రాసింది. ఏకైక విజేత అని ఒప్పుకుంది 2022లో.

మిత్రులారా, 70 ఏళ్లు అందరూ ఆ రూలు గురించి మాట్లాడారు, తెరిచి చదివినోళ్లు లేరు. మన ఊళ్లలో పోడు పట్టా కాగితం, గ్రామసభ తీర్మానం, 1/70 చట్టం కూడా అంతే. ఆఫీసులో ఎవరో "రూలు ఒప్పుకోదు" అంటే మన పెద్దోళ్లు వెనక్కి తిరిగి వచ్చేస్తారు. ఆ రూలు ఏదో చూపించమని అడగాల్సింది, చదివి చెప్పాల్సింది ఇప్పుడు మనమే. మనకు అబ్బిన చదువు ముందు ఆ పనికి రావాలి.

మీ తెగలో మరుగున పడిన ఆటగాళ్లుంటే కింద రాయండి. జోహార్.