రాయి పోయినా పుస్తకం మిగిలింది

అమరావతి మహాచైత్యాన్ని చూడబోయినవారికి నేడు కనిపించేది గుండ్రని తిన్నె, కొన్ని రాతిపలకలు మాత్రమే. శిల్పసంపదలో అధికభాగం చెన్నై, లండన్ మ్యూజియములకు చేరినది. అయినను ఆ కట్టడం ఒకప్పుడు ఎట్లుండెనో మనం చెప్పగలుగుతున్నాము. అందుకు ఒక కారణం పలకల మీద శిల్పులే చెక్కిన స్తూపరూపం. రెండవది, పుస్తకం.

18వ శతాబ్ది చివర వాసిరెడ్డి వేంకటాద్రి నాయుడు అక్కడ పట్టణం కట్టించే కాలంలో దిబ్బలోని రాళ్ళు కట్టడాలకు తరలినవి. కాలిన్ మెకంజీ 1816లో తన బృందంతో వచ్చి శిల్పాలను గీయించాడు. ఆ గీసినవాటిలో కొన్ని రాళ్ళు తరువాత కనిపించకుండా పోయినవి. వాటికి నేడు ఆ చిత్రమే సాక్షి. 1845లో వాల్టర్ ఇలియట్ తవ్వించిన పలకలు 1859లో లండన్‌కు పంపబడి మరుగున పడి ఉండగా, ఫెర్గూసన్ వాటిని గుర్తించి 1868లో గ్రంథస్థం చేశాడు. 1880లో మద్రాసు గవర్నరు ఆజ్ఞతో దిబ్బను పూర్తిగా తవ్వివేశారు. అటుపిమ్మట వచ్చిన జేమ్స్ బర్జెస్, మిగిలినదానిని పరిశీలించి 1887లో అమరావతి, జగ్గయ్యపేట స్తూపాలపై గ్రంథం వెలువరించాడు. 1942లో సి. శివరామమూర్తి మద్రాసు మ్యూజియము శిల్పాలను వర్ణిస్తూ, వాటిలోని నగలు, వాద్యాలు, ఆయుధాలు, వాహనాలను రేఖాచిత్రాలతో సహా వివరించారు.

విద్యార్థిదశలో ఒక గ్రంథాలయంలో ఈ శివరామమూర్తిగారి గ్రంథాన్ని చూచి, ఆ రేఖాచిత్రాలను పలుచని కాగితంపై ఎత్తి రాసుకొన్నాను. పదవీవిరమణ తరువాత మళ్ళీ వెళ్ళి అడిగితే, చినిగిన పుస్తకాలతోపాటు తూకానికి పోయినదని చెప్పారు. రాళ్ళను గోడలకు వాడుకొన్నవారిని నిందించే మనం పుస్తకాన్ని తూకానికి అమ్మితే ఏమనుకోవాలి?

నేడు ఇటువంటి గ్రంథాలు స్కాన్ ప్రతులుగా దొరకుతున్నవి. సంతోషమే. కాని కొన్నింటిలో మడతపెట్టిన పెద్ద పటాలను విప్పకుండానే స్కాన్ చేశారు. చైత్యపు ప్రణాళిక ఉండవలసినచోట తెల్లని మడత కనిపిస్తుంది. కట్టడాల చరిత్రలో పటమే ప్రాణం. అది లేని ప్రతి సగం ప్రతియే.

మీ తాతల పెట్టెలలో ఇట్టి పుస్తకం ఏదైనా ఉంటే, పాతకాగితాలవానికి ఇవ్వకండి. పటాలను మెల్లగా విప్పి ఫొటో తీసి ఉంచండి. రాయి ఒకసారి పోయినది. పుస్తకం కూడా పోతే, అది పోయినట్లు చెప్పేవారు కూడా ఉండరు.