ఘాటురోడ్డు ఎవరి రెక్కలు?
తణుకు నుంచి బస్సు మాట్లాడుకుని చింతపల్లి మన్యం చూడ్డానికెళ్లాం. గైడు దారంతా ఒక్క పేరే చెప్పుకొచ్చాడు. అల్లూరి గొప్పోడే, కాదనను. మరి 1922 ఆగస్టు 22న చింతపల్లి పోలీసుఠాణా మీద పడి తుపాకులు పట్టుకెళ్లిన మిగతావాళ్లెవరు? గాం గంటందొర, మల్లుదొర, పేరైనా దక్కని కొండోళ్లు.

1882 అటవీ చట్టం వాళ్ల పోడుకి అడ్డం పడింది. ఆనక గూడెం డిప్యూటీ తాసీల్దారు బాస్టియన్ నర్సీపట్నం రోడ్డు పనికి వాళ్లని తోలాడు, కూలి సరిగా ఇవ్వకుండా. వెట్టంటే నాకు పుస్తకంలో మాట కాదు. మా తాత కామందు చేలో చేసిందీ అదే.

"ఈ మలుపులు ఎవరు తవ్వారు బాబూ?" అనడిగాను.

"అవన్నీ టూరులో ఉండవు మాస్టారూ" అన్నాడు.

2022లో జిల్లాకి అల్లూరి పేరు పెట్టారు. మల్లుదొర 1952లో లోక్‌సభకి గెలిచాడు. ఆ సంగతి మా ఏడో తరగతి పిల్లలకి బోర్డు మీద రాసి చెప్పాను.