గుండం తొక్కేవాళ్లు

మా తాతగారు పుట్టింది ఉత్తర ఆర్కాటు జిల్లాలో. నాన్నగారు పుట్టింది చిత్తూరు జిల్లాలో. నేను పుట్టింది చెంగల్పట్టు జిల్లాలో. మా అబ్బాయి పుట్టింది తిరువళ్లూరు జిల్లాలో. నలుగురం పుట్టింది తిరుత్తణి తాలూకాలోని ఒకే ఊళ్లో, ఒకే ఇంట్లో. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడింది. పటాస్కర్ సూత్రం మేరకు 1960 ఏప్రిల్ 1న తిరుత్తణి మద్రాసు రాష్ట్రంలో చేరింది. 1997లో తిరువళ్లూరు జిల్లా అయింది. ఈ మూడు తేదీలు చెబితే మా ఇంటి చరిత్ర సగం చెప్పినట్టే. మిగిలిన సగం ఏ గెజిట్‌లోనూ లేదు. అది ధర్మరాజుల గుడి ముందు అగ్నిగుండంలో ఉంది.

నేను చరిత్రకారుణ్ణి కాను. బి.కాం. చదివి బ్యాంకులో జమాఖర్చులు చూసుకుంటున్నవాణ్ణి. అయినా చిన్నప్పటినుంచీ ఒక సందేహం నన్ను వదలలేదు. నిప్పుల మీద నడిచేవాళ్లకు ఏదో అగ్నిస్తంభన విద్య తెలుసని, అరికాళ్లకు కలబంద గుజ్జు పూసుకుంటారని మా బళ్లో పిల్లలం చెప్పుకునేవాళ్లం. వాళ్లంటే మాకు మాంత్రికుల కిందే లెక్క.

మా ప్రాంతంలో ద్రౌపదమ్మ గుడినే ధర్మరాజుల గుడి అంటారు. తిరుత్తణి పట్టణంలో ఒక వీధికి ఆ పేరే ఉంది. ఇటు నగరి, పుత్తూరు వైపూ, అటు ఆర్కాటు, సెంజి వైపూ ఇవే గుళ్లు, ఇదే ఉత్సవం. పగలు భారతం చదువుతారు. రాత్రి వీధినాటకం ఆడతారు. అర్జునుడి వేషగాడు తపస్సు మాను ఎక్కుతాడు. చివరినాడు మట్టితో చేసిన దుర్యోధనుణ్ణి పడగొట్టి, ద్రౌపది జుట్టు ముడివేసుకున్నాక, సాయంత్రం గుండం తొక్కుతారు.

వ్యాసభారతంలోగాని నన్నయగారి ఆదిపర్వంలోగాని ద్రౌపది యజ్ఞకుండంలోంచి పుట్టిందని ఉంది. యుద్ధం ముగిశాక ఆమె నిప్పుల్లో నడిచిందన్నది మాత్రం జనం చేర్చుకున్న కథ. నిప్పులో పుట్టిన ఆడపడుచుకు నిప్పు పుట్టిల్లే కదా అని వాళ్ల తర్కం. తమిళంలో ఈ గుండాన్ని పూల గుంట అనటం కూడా అందుకు తగ్గట్టే ఉంది.

ఈ సంప్రదాయంపై అమెరికా పండితుడు ఆల్ఫ్ హిల్టెబైటెల్ సెంజి ప్రాంతం ఆధారంగా రాసిన గ్రంథం మొదటి సంపుటం 1988లో వచ్చింది. తమిళ దేశంలో ద్రౌపది గుడికి కాపలా కాసే దేవుడి పేరు పోత్తురాజా. తెలుగు పల్లెల్లో అమ్మవారి ముందు నిలబడే మన పోతురాజు పేరే అది. ఎవరు ఎవరిదగ్గర తీసుకున్నారని లెక్క తేల్చబోతే ఖాతా ఎన్నటికీ సరితూగదు. మన జిల్లాల్లో పీర్ల పండుగనాడు అలావ గుండంలో నడిచే హిందువులూ ముస్లిములూ ఉన్నారు. సముద్రం దాటి వెళ్లినవాళ్లు కూడా దీన్ని వెంట తీసుకుపోయారు. సింగపూరు మారియమ్మ గుడిలో 1840 నుంచి గుండం తొక్కుతున్నారు. 1860 నుంచి చెరకు తోటలకు కూలికి పోయిన తెలుగువాళ్లూ తమిళులూ దక్షిణాఫ్రికాలోని నేటాల్‌లో నేటికీ తొక్కుతున్నారు.

మరి కాళ్లు ఎందుకు కాలవు? 1935లో లండన్ దగ్గర హ్యారీ ప్రైస్ అనే పరిశోధకుడు కుదాబక్ష్ అనే మన దేశస్థుణ్ణి గుండంలో నడిపించి పరీక్షించాడు. పాదాలు కడిగించి మరీ చూశారు. మందూ లేదు, మాయా లేదు. బొగ్గు తేలికైనది, వేడిని త్వరగా వదలదు. పైన బూడిద పొర ఉంటుంది. అడుగు ఆనేది అర క్షణం. అంతే రహస్యం. కట్టె సరిగ్గా కాలకపోయినా, మధ్యలో ఆగినా, తూలిపడినా కాలుతుంది. అలా కాలినవాళ్లున్నారు, ప్రాణాలు పోయిన సందర్భాలూ ఉన్నాయి. ఈ మాట దాచకూడదు.

కొన్నేళ్ల కిందట ఒక పల్లెలో మా ఖాతాదారు ఒకాయన పంట రుణం గడువు ఉత్సవం రోజుల్లోనే వచ్చింది. కంకణం కట్టుకున్నాక ఊరి పొలిమేర దాటకూడదని ఆయన కబురు పంపాడు. నేనే కాగితాలు పట్టుకుని వెళ్లాను. పసుపు బట్టలో, ఒంటిపూట తిండితో ఉన్నాడు. తమిళంలో సంతకం చేసి, మనవణ్ణి తెలుగులో కసిరాడు. నా చిన్ననాటి సందేహం అడిగేశాను.

"మంత్రమూ లేదు, తంత్రమూ లేదు సామీ. తిన్నదీ అన్నదీ అదుపులో పెట్టుకునేదే. గుండంలో పరిగెత్తకూడదు, నిలబడకూడదు. తల వంచుకుని నడిచిపోవాల. అంతే."

లండన్ పరిశోధన చెప్పింది కూడా దాదాపు అంతే అని నాకు తర్వాత తెలిసింది. ఇంకొకటి కూడా అడిగాను, భారతం ఏ భాషలో చదువుతారని. "మా నాయన కాలంలో తెలుగు పాటలు కూడా ఉన్నె. ఇప్పుడు పాడేవాళ్లు లేరు" అన్నాడు. ఆ మాట నాకు నిప్పుకన్నా ఎక్కువ తగిలింది.

1960లో గ్రామాన్ని ప్రాతిపదికగా తీసుకుని ఏ భాషవాళ్లు ఎక్కువో చూసి గీత గీశారు. గీత ఎక్కడో ఒకచోట పడక తప్పదు. దానికి ఇప్పుడు ఏడ్చి లాభం లేదు. గుండం ముందు నిలబడ్డవాణ్ణి నీ మాతృభాష ఏదని ఎవరూ అడగరు. అందరి నోటా వచ్చేది "గోవిందా" ఒక్కటే. కాని గుండం మిగిలి పాట పోతే, పోయింది మన వాటాయే.

తిరువళ్లూరు, తిరుత్తణి, పళ్లిపట్టు చుట్టుపక్కల ఈ పత్రిక చదివే మిత్రులను వేడుకునేది ఇదొక్కటే. మీ ఊరి ధర్మరాజుల గుడి దగ్గర తెలుగు పాట ఒక్క చరణం గుర్తున్న ముసలివాళ్లు ఉంటే, వాళ్ల పక్కన కూర్చుని రాసుకోండి. గుండం ఏటా రాజేసుకోవచ్చు. ఆరిపోయిన పాటను రాజెయ్యటం ఎవరి వల్లా కాదు.